ఎవరి వాటా ఎంత
బీసెంట్ రోడ్డులో టీ తాగుతుంటే పక్కన ఇద్దరు మా నియోజకవర్గంలో ఏ కులం ఓట్లెన్నో వేళ్ళ మీద లెక్కేసి, టికెట్ ఎవరికో కూడా తేల్చేశారు, కాళ్ళ దగ్గర పారుతున్న మురుగు నీళ్ళ ఊసే లేదు. నాకైతే లెబనాన్ గుర్తొచ్చింది. 1943లో నోటిమాటగా కుదిరిన ఒప్పందం ప్రకారం అక్కడ అధ్యక్షుడు మారొనైట్ క్రైస్తవుడు, ప్రధాని సున్నీ, స్పీకర్ షియా. పార్లమెంటులో 128 సీట్లు, క్రైస్తవులకు సగం, ముస్లింలకు సగం. మరి జనాభా లెక్కలంటారా, 1932 తర్వాత తియ్యనే లేదు, తీస్తే వాటాలు తారుమారవుతాయని టెన్షన్! పదిహేనేళ్ళ అంతర్యుద్ధం చూసిన దేశం కాబట్టి ఆ భయాన్ని నేను కొట్టిపారెయ్యను, వాటా లేకపోతే చిన్న వర్గాలను పట్టించుకునేదెవరు? కానీ 2022 అక్టోబరు నుంచి 2025 జనవరి దాకా నాయకులు తేల్చుకోలేక అధ్యక్షుడే లేకుండా నడిపారు చూడండి, అదే నాకు మింగుడుపడదు.