కేసు కొట్టేశాక పైకోర్టు ఏం చూస్తుంది?

హత్యాయత్నం కేసులో ముద్దాయిలను సెషన్స్ కోర్టు విడుదల చేసిందనగానే ఫిర్యాదీ తరఫు వారు అడిగే మొదటి ప్రశ్న, పైకోర్టులో సాక్షులందరినీ మళ్ళీ పిలిపిస్తారా అని. గుంటూరు కోర్టుల్లో వకీలుగా ఉన్న నాకు ఈ ప్రశ్న తరచుగా ఎదురవుతుంది. మామూలుగా పిలిపించరు. నేలపాడులోని హైకోర్టుకు వెళ్ళేది కింది కోర్టు రికార్డు మాత్రమే: వాంగ్మూలాలు, గాయాల సర్టిఫికెట్, పంచనామా, తీర్పు. విచారణలో అడగకుండా వదిలేసిన ప్రశ్నకు అప్పీలులో జవాబు దొరకడం చాలా అరుదు.

నిరుడు ప్రత్తిపాడు వైపు నుంచి వచ్చిన ఒక మిరప రైతు తీర్పు నకలు నా ముందు పెట్టారు. పొలం గట్టు తగాదాలో గొడ్డలితో తల మీద కొట్టారని ఆయన ఫిర్యాదు. గాయాల సర్టిఫికెట్‌లో మాత్రం మొద్దు వస్తువు తగిలి చిట్లిన గాయమనీ, స్వల్పమైనదనీ ఉంది. ఈ రెండింటికీ పొంతన లేదని, పైగా గొడ్డలి స్వాధీనానికి సంతకాలు చేసిన మధ్యవర్తులిద్దరూ తమకేమీ తెలియదన్నారని, జడ్జి గారు ముద్దాయిలకు సంశయ లాభం ఇచ్చారు. గొడ్డలి తిప్పి మొద్దు వైపుతో కొట్టినా అలాంటి గాయమే అవుతుంది. వైద్యుడు బోనులో ఉండగా ఆ ఒక్క మాట ఎవరూ అడగలేదు! అదనపు సాక్ష్యం తీసుకోవడానికి పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 391వ సెక్షన్ అవకాశమిస్తుంది గానీ, ప్రాసిక్యూషన్ వదిలేసిన ఖాళీలు పూడ్చుకోవడానికి కోర్టులు దానిని సులువుగా వాడనివ్వవు.

ఖర్చు తక్కువని, అప్పీలుకు బదులు రివిజన్ (కింది కోర్టు తీర్పు సక్రమంగా ఉందో లేదో చూడమని పైకోర్టును కోరే పిటిషన్) వేయమని ఆయనకు ఎవరో సలహా ఇచ్చారట. విడుదల తీర్పును శిక్షగా మార్చే అధికారం రివిజన్‌లో హైకోర్టుకు లేదని 401వ సెక్షన్ స్పష్టంగా చెబుతోంది. మహా అయితే తీర్పును రద్దు చేసి పునర్విచారణకు పంపగలదు. 2009 డిసెంబరు 31 నుంచి అమలులోకి వచ్చిన 372వ సెక్షన్ మినహాయింపు ప్రకారం బాధితుడే స్వయంగా అప్పీలు చేసుకోవచ్చు. ప్రభుత్వం అప్పీలు చేయాలంటే హైకోర్టు అనుమతి కావాలి, బాధితుడికి అక్కర్లేదని మల్లికార్జున్ కోడగలి కేసులో 2018లో సుప్రీంకోర్టు తేల్చింది. 2024 జూలై 1న ఆ కోడ్ స్థానంలో వచ్చిన కొత్త నాగరిక్ సురక్షా సంహితలో ఇదే హక్కు 413వ సెక్షన్‌లో ఉంది.

హక్కు ఉన్నంత మాత్రాన తీర్పు తిరగబడదు. సాక్ష్యాన్నంతా తిరిగి తూచే అధికారం అప్పీలు కోర్టుకు పూర్తిగా ఉందని చంద్రప్ప కేసులో 2007లో సుప్రీంకోర్టు చెప్పింది. అయితే నేరం రుజువయ్యేదాకా ముద్దాయి నిర్దోషి అన్న సూత్రానికి విడుదల తీర్పు మరింత బలమిస్తుందనీ, రికార్డును బట్టి రెండు అభిప్రాయాలు సహేతుకంగా సాధ్యమైనప్పుడు కింది కోర్టు తీసుకున్న దానిని కదిలించరాదనీ అదే తీర్పులో ఉంది. ఫిర్యాదీలకు ఇది అన్యాయంగా తోస్తుంది. నాకైతే సబబుగానే కనిపిస్తుంది, ఎందుకంటే సాక్షి బోనులో తడబడటం కళ్ళారా చూసినది కింది కోర్టు జడ్జి.

కాబట్టి అప్పీలులో వెతకవలసింది సహేతుకం కాని చోటును, చట్టాన్ని తప్పుగా అన్వయించిన చోటును. ఈ తీర్పులో అలాంటివి రెండు కనిపించాయి. గాయం స్వల్పమైనది కాబట్టి హత్యాయత్నానికి శిక్ష చెప్పే పాత ఇండియన్ పీనల్ కోడ్ 307వ సెక్షన్ వర్తించదని రాయడం మొదటిది. ఆ సెక్షన్‌కు ప్రాణాంతక గాయమే ఉండనక్కర్లేదనీ, చూడవలసింది ఉద్దేశం లేదా ఎరుక అనీ బలరామ్ బామా పాటిల్ కేసు నాటి నుంచి, అంటే 1983 నుంచి, సుప్రీంకోర్టు చెబుతూనే ఉంది. దెబ్బ తిన్న మనిషి సాక్ష్యానికి ప్రత్యేకమైన విలువ ఇవ్వాలన్న సూత్రం ఉండగా, ఈయన వాంగ్మూలాన్ని పాత కక్షలున్నాయన్న ఒకే కారణంతో పక్కన పెట్టడం రెండవది. పాత కక్ష రెండు వైపులా పదునున్నదే: అబద్ధపు కేసుకూ కారణం కావచ్చు, దాడికీ కావచ్చు. మధ్యవర్తుల సంగతి మాత్రం అప్పీలు మెమోలో నేను పెద్దగా ఎత్తలేదు. అక్కడ కింది కోర్టు అభిప్రాయం నిలబడేదే.

"హైకోర్టులో గెలిస్తే ఇక అయిపోయినట్టేనా అండీ?" అని ఆయన అడిగారు. విడుదలను రద్దు చేసి హైకోర్టు పదేళ్ళు లేదా అంతకు మించి శిక్ష వేస్తే, ముద్దాయిలు ఎవరి అనుమతీ లేకుండా నేరుగా సుప్రీంకోర్టుకు వెళ్ళే హక్కు క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 379వ సెక్షన్‌లో ఉందని చెప్పాను. కాసేపు ఆలోచించి, అయినా వేయండి అన్నారు.