సముద్రపు పట్టు

నేను రాస్తున్న ఫాంటసీ కథలో ఒక ఊరుంది, అక్కడి ఆడవాళ్ళు మాయ సముద్రంలోంచి పోగులు తీసి బట్ట నేస్తారు, అది కప్పుకుంటే కాలం వెనక్కి వంగి పోయినవాళ్ళు కాసేపు కనిపిస్తారు. దానికోసం చదువుతుంటే నిజంగానే సముద్రపు పట్టు ఉందని తెలిసింది, అప్పట్నుంచి మనసు దాని మీదే ఉంది.

మధ్యధరా సముద్రంలో పిన్నా నోబిలిస్ అనే పెద్ద ఆల్చిప్ప, మీటరు దాటి కూడా పెరుగుతుంది, అడుగున కదలకుండా నిలబడటానికి తన ఒంట్లోంచే సన్నటి పోగులు వదులుతుంది, ఇటలీలో సార్డీనియా పక్కనున్న సాంత్ ఆంతియోకో దీవిలో ఆ పోగుల్ని కడిగి, దువ్వి, కదురు మీద వడికి నేసేవాళ్ళు. నిమ్మరసంలో నానబెడితే గోధుమరంగు కాస్తా బంగారంలా మెరుస్తుందట! పారిస్ దగ్గర సెయింట్ డెనిస్‌లో 1978లో ఈ పోగులతో అల్లిన టోపీ ఒకటి దొరికింది, 14వ శతాబ్దంది. ఎవరి తలకి అల్లారో, ఎన్ని చలికాలాలు పెట్టుకున్నారో... కాలం వంగడం అంటే నాకు ఇదే.

బాధేంటంటే 2016 నుంచి ఒక పరాన్నజీవి వల్ల ఆ చిప్పలు గుంపులు గుంపులుగా చచ్చిపోతున్నాయి, వాటిని సముద్రంలోంచి తీయడం కూడా నిషేధం, అలాగే ఉండాలి కూడా.

అందుకే చాప్టర్ మొత్తం మళ్ళీ రాస్తున్నా. ఇప్పుడది పోగులు తీయడం మానేసిన ఊరు, మిగిలిన ఒక్క బట్టని ఎవరు కప్పుకోవాలా అని పంచాయితీ. అయ్యాక ఇక్కడే పెడతా, చదివి చెప్పండి.