హార్డ్ డిస్క్ బీరువాలో పెట్టే ముందు

ఈ రోజుల్లో పెళ్ళి ఫొటోగ్రాఫర్లు ఆల్బమ్‌తో పాటు చాలాసార్లు ఒక పోర్టబుల్ హార్డ్ డిస్క్ కూడా చేతికిస్తున్నారు. ఇంటిల్లిపాదీ దాన్ని టీవీకి పెట్టి ఒకసారి చూసి, బీరువాలో పట్టుచీరల పక్కన భద్రపరుస్తారు. ఆ చిన్న డబ్బాలో నాజూకైన యంత్రం ఒకటి ఉందన్న సంగతి చాలామందికి తట్టదు. కరెంటు అందగానే అందులోని నున్నని పళ్ళేలు సాధారణంగా నిమిషానికి 5400 సార్లు తిరుగుతాయి. వాటిని తాకకుండా, కేవలం కొన్ని నానోమీటర్ల ఎడంలో, వాటిపై ఉన్న డేటాను చదివే రీడ్ హెడ్ తేలుతూ ఉంటుంది. టీవీ వెనుక వైరుకు వేలాడుతూ సినిమా ఆడుతున్న డిస్క్‌ను చూసినప్పుడల్లా నాకు గుండె ఝల్లుమంటుంది. ఆ స్థితిలో అది గోడకు తగిలినా హెడ్ పళ్ళేన్ని గీరే ప్రమాదం ఉంది. దాన్ని ఎప్పుడూ కదలని చదునైన చోట పెట్టాలి.

ఈ చిన్న డిస్క్‌లకు విడిగా అడాప్టర్ ఉండదు, యూఎస్‌బీ పోర్టు ఇచ్చే 5 వోల్టులే ఆధారం. యూఎస్‌బీ 2.0 ప్రమాణం ప్రకారం పోర్టు ఇవ్వవలసింది 500 మిల్లీఆంపియర్లు, 3.0లో 900. పళ్ళేలు తిరగడం మొదలయ్యే క్షణంలోనే కరెంటు ఎక్కువ కావాలి కాబట్టి, పాత టీవీ పోర్టుకు పెడితే డిస్క్ టక్కుమని ఆగిపోవచ్చు. అది పాడైందని తేల్చేసే ముందు వేరే కేబుల్‌తో, కంప్యూటర్ పోర్టుకు పెట్టి చూడండి.

తీసేటప్పుడు ఎజెక్ట్ చేసి (అంటే డిస్క్‌ను తీసేస్తున్నామని కంప్యూటర్‌కు ముందే చెప్పి), పళ్ళేలు తిరగడం ఆగేదాకా కొన్ని సెకన్లు ఆగాలి. కాపీ పూర్తయినట్టు తెరపై కనిపించినా, కొంత డేటా ఇంకా కంప్యూటర్ మెమరీలోనే ఉండి డిస్క్‌పైకి చేరకపోయి ఉండవచ్చు.

అన్నిటికంటే నేను గట్టిగా చెప్పదలచుకున్నది డిస్క్ మొరాయించడం మొదలైన తర్వాతి సంగతి. ఫోల్డర్ తెరుచుకోవడానికి నిమిషాలు పడుతున్నా, కాపీ మధ్యలో ఆగుతున్నా, క్రిస్టల్‌డిస్క్‌ఇన్ఫో వంటి ఉచిత సాఫ్ట్‌వేర్‌లో స్మార్ట్ వివరాలు, అంటే డిస్క్ తన ఆరోగ్యం గురించి తానే నమోదు చేసుకునే లెక్కలు, చూడండి. పెండింగ్ సెక్టర్లు (సరిగా చదవలేకపోతున్న భాగాలు), రీఅలొకేటెడ్ సెక్టర్లు (పాడై, వాటి బదులు వేరేవి వాడుతున్న భాగాలు) పెరుగుతుంటే ఇక దాన్ని నమ్మకూడదు. అప్పుడు ఫార్మాట్ గానీ, డిస్క్‌లోని తప్పులను వెతికి సరిచేసే విండోస్ సాధనం చెక్‌డిస్క్ గానీ చేయకుండా, ముందుగా మళ్ళీ దొరకని ఫొటోలను, ఆ తర్వాత మిగిలినవాటిని వేరే డిస్క్‌లోకి తీసుకోవాలి. లయగా టక్ టక్‌మనే శబ్దం మంచి పోర్టుకు పెట్టినా ఆగకపోతే వెంటనే వైరు తీసేసి, డేటా రికవరీ చేసేవారికి అప్పగించడమే మేలు. ఫ్రీజర్‌లో పెడితే బాగవుతుందని ఎవరైనా చెబితే దయచేసి వినకండి, లోపల చెమ్మ చేరి ఉన్న ఆశ కూడా పోతుంది.

ఎంత జాగ్రత్తగా వాడినా ఏదో ఒకనాడు డిస్క్ ఆగిపోక తప్పదు గనుక, రెండో కాపీ ఉండి తీరాలి. అది అక్కయ్య ఇంట్లోనో తమ్ముడి ఇంట్లోనో ఉంటే ఇంకా మంచిది. ఆర్నెల్లకోసారి రెండింటినీ కంప్యూటర్‌కు పెట్టి, నాలుగు ఫైళ్ళు తెరిచి చూడండి. కొత్త డిస్క్‌లోకి అన్నీ ఎక్కించాక, పాతదాన్ని ఖాళీ చేసి సినిమాలకు వాడుకుందామన్న ఆలోచన చాలామందికి వస్తుంది. అలా చేస్తే మళ్ళీ ఒక్క కాపీయే మిగులుతుంది.