వినబడదని నిరూపించుకోవడానికి ఒక రోజు

యూడీఐడీ కార్డు, అంటే వైకల్యం ఉన్నవాళ్లకు ప్రభుత్వం ఇచ్చే గుర్తింపు కార్డు, నిన్న చేతికొచ్చింది, కోపం మాత్రం ఇంకా తగ్గలేదు. ఆన్‌లైన్‌లో ఫారం నింపి ఫొటో, ఆధార్ పెట్టడం అరగంట పని. కథంతా బెంగళూరులో మాకు చెప్పిన ఆస్పత్రిలో, చెవి విభాగం దగ్గర జరిగింది.

అక్కడికి వచ్చేదే వినబడనివాళ్లు. అయినా పేర్లు నోటితోనే పిలుస్తారు! రెండుసార్లు నా వంతు దాటిపోయింది. మీరు వెళ్తే కాగితం మీద మీ పేరు, 'నాకు వినబడదు, చెయ్యి ఊపండి' అని రాసి అటెండర్ చేతిలో పెట్టేయండి.

పరీక్షలు సులువే. గదిలో హెడ్‌ఫోన్ పెట్టి, శబ్దం వినిపిస్తే బటన్ నొక్కమన్నారు. నాటకమాడుతున్నానేమోనని బెరా కూడా చేశారు, అంటే శబ్దానికి చెవి నరం, మెదడు ఎలా స్పందిస్తున్నాయో చూసే పరీక్ష. నుదుటికీ చెవుల వెనకా తీగలు అంటించి పడుకోబెడితే హాయిగా నిద్రపట్టింది. రెండు చెవుల్లోనూ వినికిడి లోపం 90 డెసిబెల్స్ పైనే. 2016 వికలాంగుల హక్కుల చట్టం ప్రకారం చెవిటి అనడానికి 70 చాలు.

తర్వాత డాక్టరు. మాస్కు తియ్యలేదు. తీసినా నాకు పెదవుల మీద తెలుగే అందుతుంది, కన్నడ అందదు. ఆయన నన్ను చూడకుండా, నాకు తోడొచ్చిన అన్నయ్యతోనే మాట్లాడాడు. అన్నయ్య తల దించుకుని ఏదో చెబుతున్నాడు. చొక్కా లాగితే ఫోన్‌లో టైప్ చేశాడు: "చిన్నప్పుడే కాక్లియర్ ఇంప్లాంట్ ఎందుకు చేయించలేదంటున్నారు. అప్పుడు డబ్బుల్లేవని చెప్పా."

డాక్టరు కన్నా అన్నయ్య మీదే ఎక్కువ మండింది. చేతిలోంచి జారి పగిలిన గ్లాసుకు సంజాయిషీ ఇచ్చుకున్నట్టు, నా గురించి సంజాయిషీ ఇచ్చాడు!

ఆపరేషన్ చేసి చెవి లోపల పెట్టే ఆ వినికిడి పరికరాన్ని ఇప్పుడైనా పెట్టించుకోవచ్చట. నాకు ముప్పై నాలుగు, పుట్టు చెవిటిని. ఈ వయసులో పెడితే శబ్దం తెలుస్తుందేమో గానీ మాటను మాటగా పట్టుకోవడం చాలా కష్టం, మెదడు దాన్ని చిన్నప్పుడే నేర్చుకోవాలి. ఇది డాక్టరుకు నేను చెప్పాలా? బల్ల మీది కాగితం లాక్కుని రాశాను: "నాకు భాష ఉంది, చేతులతో మాట్లాడతాను. సర్టిఫికెట్ ఇవ్వండి చాలు." చదివి, మళ్లీ అన్నయ్య వైపే చూశాడు.

పసిపిల్లలకు ఇంప్లాంట్ పెట్టించేవాళ్లను నేనేమీ అనను. సైగలు నేర్పితే మాటలు రావని తల్లిదండ్రులను బెదరగొట్టేవాళ్లంటేనే నాకు ఒళ్లుమంట. ఆదివారం కబ్బన్ పార్కుకు రండి, మా డెఫ్ గుంపు మూడు గంటలు ఎలా పోట్లాడుకుంటుందో చూద్దురు గాని. అందులో నన్ను గెలిచినవాళ్లు లేరు.

సర్టిఫికెట్ సిద్ధమయ్యాక చెబుతామని కౌంటరులో నంబరు అడిగారు. అన్నయ్య తనది చెప్పబోతుంటే ఆపి నాది రాశాను. వారం తర్వాత చూస్తే ఆస్పత్రి నుంచి మూడు మిస్డ్ కాల్స్.