డానాంగ్‌లో చీకటి కిటికీలు

వియత్నాంలోని డానాంగ్ నుంచి నిన్ననే వచ్చాం. బట్టల్లోంచి ఇంకా ఇసుక రాలుతోంది.

మేము దిగిన హోటల్ మై ఖే బీచ్‌కి ఎదురుగానే, పదకొండో అంతస్తు. రాత్రి బాల్కనీలో నిలబడితే రోడ్డు పొడుగునా హోటళ్లే. కొన్ని ధగధగలాడుతున్నాయి. పక్కదాంట్లో మాత్రం నాలుగైదు కిటికీల్లోనే లైట్లు. ఇన్ని ఎందుకు కట్టారా అనిపించింది.

2019లో వియత్నాంకి కోటీ 80 లక్షల మంది విదేశీయులు వచ్చారు. ఆ ఊపులోనే కాండోటెల్స్ పుట్టుకొచ్చాయి. హోటల్ గదిని ఫ్లాట్‌లా మనకి అమ్ముతారు, నడిపేది వాళ్లే, ఏటా మనకి వాటా. డానాంగ్‌లోనే ఒక పెద్ద ప్రాజెక్టు ఏడాదికి 12 శాతం గ్యారంటీ అని చెప్పి, 2019 నవంబర్‌లో మావల్ల కాదని చేతులెత్తేసింది. అదీ కోవిడ్ రాకముందే! మన దగ్గర ‘నెలనెలా అద్దె గ్యారంటీ’ బ్రోచర్లు గుర్తొచ్చి నవ్వొచ్చింది. (మా బావగారు అలాంటిదొకటి కొన్నారు. ఆయన నవ్వలేదు.)

2024లో మళ్లీ కోటీ 75 లక్షల దాకా వచ్చారు. 2023 ఆగస్టులో ఈ-వీసా గడువు 90 రోజులకి పెంచడం కలిసొచ్చింది. మనవాళ్లే 5 లక్షల మంది. అందుకేనేమో, మేం నోరు తెరవకముందే రిసెప్షన్ అమ్మాయి “వెజ్? నో ఎగ్?” అంది. లాబీలో ఎవరిదో ఉత్తరాది పెళ్లి, మెహందీ హడావిడి.

అన్నట్టు, మేం నెల ముందే బుక్ చేసిన గది రేటు, బయల్దేరే ముందురోజు చూస్తే ఇంకా తగ్గింది. కడుపుమంట అదొక్కటే.