పేర్లు పడనివ్వని మనిషి

పదకొండున్నర. మా ఆయన పడుకుని గంటైంది, రిమోట్ మాత్రం దిండు కిందే. ఇది రాస్తే గానీ నాకు నిద్ర పట్టేలా లేదు.

ఇవాళ ఈజిప్టు సినిమా పెట్టుకున్నాం, 1958 నాటి 'బాబ్ అల్ హదీద్'. కైరో రైల్వే స్టేషన్లో నడిచే కథ. పేర్లు పడుతుంటేనే ముందుకి తోసేశారు. "అరబ్బీలో ఉన్నాయి, చదువుతావా ఏంటి?" అని పైగా. చదవలేను. అయినా పడనివ్వచ్చుగా! విస్తట్లో పప్పు పడకముందే పెరుగు కోసం చూసే రకం.

తర్వాత ఫోన్లో వెతికాను. కథ, స్క్రీన్‌ప్లే అబ్దెల్ హై అదీబ్. తీసిన యూసెఫ్ షాహీన్ పేరు ఎక్కడ చూసినా ఉంది. కుంటి పేపర్లబ్బాయి కినావీగా వేసిందీ ఆయనే. అదీబ్ అంటే ఇప్పుడు ఈజిప్టు టీవీలో కనిపించే కొడుకు అమ్ర్‌నే అనుకుంటారేమో. తండ్రి 2007లో పోయాడు. ఆయన రాసిన 'లైలత్ అల్ బేబీ డాల్' 2008లో వచ్చింది, తీసింది ఇంకో కొడుకు ఆదెల్. ఈ సినిమాకీ దానికీ మధ్య యాభై ఏళ్లు!

ఏడో తరగతిలో వార్షికోత్సవం నాటిక నేనే రాశాను. మైకులో దర్శకత్వం ఎవరో చెప్పారు, మేకప్ ఎవరో చెప్పారు, మైకుసెట్ వాళ్లకి కృతజ్ఞతలు కూడా చెప్పారు. ముందు వరసలో అమ్మ, ఇస్త్రీ చీర నలక్కుండా నిటారుగా కూర్చుని, చివరిదాకా నా పేరు కోసం చూసింది. దారిలో ఏమీ అనలేదు. ఇంటికొచ్చి గిన్నెలు మాత్రం గట్టిగా తోమింది.

అందుకే అదీబ్ మీద జాలి పొంగింది. చివర్లో, సోడాలమ్మే హన్నూమా మీద మనసుపడి పిచ్చెక్కిన కినావీకి పిచ్చివాళ్ల చొక్కా తొడగాలి. పేపర్ల కొట్టు మద్బూలీ, ఇవాళ హన్నూమాతో నీ పెళ్లిరా, ఇవి పెళ్లిబట్టలు అని బుజ్జగించి తొడిగిస్తాడు. నాకు గొంతు పూడుకుపోయింది. ఎంత రాశాడు మహానుభావుడు అనుకున్నా.

మళ్లీ చూద్దును కదా, మాటలు మొహమ్మద్ అబూ యూసెఫ్‌వట! ఆ బుజ్జగింపు మాటలు ఎవరివో ఇప్పుడు నాకేం తెలుసు? మద్బూలీగా వేసినాయన పేరూ చూసుకోలేదు. ఇంతసేపూ ఎవర్ని మెచ్చుకున్నట్టు?

అసలు మా నాటికలో హాలంతా నవ్విన మాట అమ్మమ్మది. పాలవాడితో గొడవలో అంటుంటే విని పెట్టేశాను. ఆ సంగతి అమ్మక్కూడా చెప్పలేదు.

అయినా రిమోట్ తోసేయడం తోసేయడమే. రేపు నా దగ్గరే పెట్టుకుంటాను. హన్నూమా సోడా సీసాలు పట్టుకుని రైలు పెట్టెలో గంతులేసే సీన్ మళ్లీ చూడాలి, అదొక్కటీ హాయిగా ఉంది.