జానిస్ అరుపుకి ఒక లెక్క ఉంది

అమెరికన్ రాక్ గాయని జానిస్ జాప్లిన్ అనగానే చాలామందికి గుర్తొచ్చేవి మూడే: చేతిలో మందు సీసా, మెడ నిండా పూసలు, 27 ఏళ్లకే చావు. పాట సంగతి అడిగితే "గొంతు చించుకుని అరిచేది కదా" అని తేల్చేస్తారు. అదే అరుపుని హెడ్‌ఫోన్స్ పెట్టుకుని నాలుగుసార్లు వినండి. ఎక్కడ తగ్గాలో, ఎక్కడ లేవాలో ముందే అనుకుని పాడిన పాట అది.

పుట్టింది 1943 జనవరి 19న, టెక్సస్‌లో పోర్ట్ ఆర్థర్ అనే చమురు రిఫైనరీల ఊళ్లో. టీనేజ్‌లో చెవిలో పడినవి పాతతరం గాయకులు బెస్సీ స్మిత్, లెడ్‌బెల్లీల బ్లూస్ (అమెరికా నల్లజాతివాళ్ల బాధల్లోంచి పుట్టిన సంగీతం) పాటలు. 1966లో శాన్‌ఫ్రాన్సిస్కోలో 'బిగ్ బ్రదర్ అండ్ ద హోల్డింగ్ కంపెనీ' బ్యాండ్‌లో చేరింది. పేరు మోగింది మాత్రం 1967 జూన్‌లో, మాంటెరే పాప్ ఫెస్టివల్‌తో. శనివారం మధ్యాహ్నం పాడినప్పుడు జనం ఊగిపోయారు గానీ, బ్యాండ్ మేనేజర్ షూటింగ్‌కి ఒప్పుకోకపోవడంతో అది కెమెరాకెక్కలేదు. మర్నాడు సాయంత్రం మళ్లీ స్టేజీ ఎక్కించారు. ఇప్పుడు మనం చూసే వీడియో ఆ రెండోసారిది.

అందులో పాడిన 'బాల్ అండ్ చైన్' బిగ్ మామా థార్న్‌టన్ అనే బ్లూస్ గాయని పాట. బిగ్ బ్రదర్ వాళ్లు దాని వేగం తగ్గించి, విషాదంగా వినిపించే మైనర్ స్కేల్‌లోకి మార్చారు. జానిస్ చరణాన్ని దాదాపు గొణుగుతున్నట్టు ఎత్తుకుంటుంది. గొంతు పైకి లేచి పగిలేది ఆ తర్వాతే. మధ్యలో బ్యాండ్ ఆగిపోయే చోట్లున్నాయి, ఒంటరి గొంతే మిగులుతుంది. మొదటి నుంచీ అరుస్తూ ఉంటే ఆ చోట్లకి విలువే ఉండేది కాదు.

ఇక ఆ గరుకుదనం. మన గొంతులో అసలు స్వరతంత్రుల పైన ఇంకో జత మడతలుంటాయి, మామూలుగా పాడేటప్పుడు వాటికి పని లేదు. అవీ అదిరితే స్వరానికి రంపపు కోత లాంటి చప్పుడు తోడవుతుంది, ఒక్కోసారి రెండు స్వరాలు కలిసి వినిపిస్తున్నట్టు ఉంటుంది. దీన్ని అనుకరించబోయి కొత్తవాళ్లు చేసే తప్పు ఒకటే: పొట్ట నుంచి గాలి పంపకుండా మెడ బిగించి లాగడం. అప్పుడు రాపిడంతా అసలు తంత్రుల మీదే పడుతుంది. ముందు గొంతు ఎండుతుంది, తర్వాత పై స్వరాలు పలకవు, అలాగే కొనసాగిస్తే తంత్రుల మీద బొడిపెలు లేస్తాయి. సరిగ్గా చేయాలంటే ముందు పాడాల్సిన స్వరాన్ని గరుకు లేకుండా శుభ్రంగా, మధ్యస్థంగా పట్టాలి. అది నిలిచాకే రెండు మూడు సెకన్లు గరుకు కలపాలి, రోజుకి పది నిమిషాలు మించకూడదు. దగ్గు వస్తున్నట్టు గరగర మొదలైతే అక్కడితో ఆపేయాలి. మర్నాడు పొద్దున మాట బొంగురుపోయిందంటే తప్పుగా చేసినట్టే.

1968 ఆగస్టులో బిగ్ బ్రదర్‌తో వచ్చిన ఆల్బమ్ 'చీప్ థ్రిల్స్' అమెరికాలో బిల్‌బోర్డ్ పత్రిక వేసే ఆల్బమ్‌ల జాబితాలో 8 వారాలు మొదటి స్థానంలో ఉంది. లైవ్ రికార్డనుకుని వింటారు గానీ, అందులో నిజంగా కచేరీలో పట్టింది 'బాల్ అండ్ చైన్' ఒక్కటే. కచేరీల్లో బ్యాండ్ తప్పులు మరీ ఎక్కువై, నిర్మాత జాన్ సైమన్ మిగతావి స్టూడియోలో చేయించాడు. జనం కేకలు తర్వాత కలిపారు. బ్యాండ్‌ని మరీ తీసిపారేయక్కర్లేదు, 'సమ్మర్‌టైమ్'లో రెండు గిటార్ల అల్లిక ఇప్పటికీ బాగుంటుంది. బిగ్ బ్రదర్‌ని వదిలాక జానిస్ పెట్టుకున్న 1969 నాటి కోజ్మిక్ బ్లూస్ బ్యాండ్ సంగతి వేరు. ఆ బాకాల హోరులో జానిస్ వాటితో పోటీ పడుతున్నట్టుంటుంది.

చివరి ఆల్బమ్ 'పర్ల్' దగ్గరికొచ్చేసరికి అన్నీ కుదిరాయి. లాస్ ఏంజెలస్‌లో సన్‌సెట్ సౌండ్ స్టూడియో, నిర్మాత పాల్ రాత్‌చైల్డ్, కొత్త బ్యాండ్ ఫుల్ టిల్ట్ బూగీ. 'మీ అండ్ బాబీ మెక్‌గీ' మొదటి చరణంలో గరుకు దాదాపు లేదు, పక్కన కూర్చుని కబురు చెబుతున్నట్టుంటుంది. రెండో చరణానికి పాట శ్రుతి జి (G) నుంచి ఏ (A)కి మారుతుంది. మన లెక్కలో 5 శ్రుతి నుంచి 6 శ్రుతికి. మాటలైపోయి లా-లా-లా మిగిలాక గానీ గొంతు పూర్తిగా విప్పదు. అది 1971 మార్చిలో అమెరికాలో నంబర్ వన్ అయింది, అప్పటికి ఆమె లేదు.

1970 ఆగస్టులో, ఫిలడెల్ఫియా దగ్గర గుర్తు కూడా లేకుండా పడివున్న బెస్సీ స్మిత్ సమాధికి రాయి వేయించడానికి జానిస్ ఖర్చు పంచుకుంది. అక్టోబర్ 1న ఏ వాద్యమూ లేకుండా 'మెర్సిడెస్ బెంజ్' ఒక్క టేక్‌లో పాడేసింది, రెండు నిమిషాలు కూడా ఉండదు. చివర్లో ఆ నవ్వు రిహార్సల్ చేసింది కాదు. 3వ తేదీన 'బరీడ్ అలైవ్ ఇన్ ద బ్లూస్'కి బ్యాండ్ వాయించింది స్టూడియోలో వింది, మర్నాడు తన గొంతు కలపాలి. 4న హెరాయిన్ మోతాదు మించి హోటల్ గదిలో చనిపోయింది.

ఆ ట్రాక్‌ని రాత్‌చైల్డ్ అలాగే ఉంచేశాడు. రికార్డు మొదటి వైపు చివర వస్తుంది, రెండున్నర నిమిషాలు, పాట లేకుండా.